అటక మీద మిగిలిన పెట్టెలు

మా మద్రాసులో ఎవరైనా కాస్త వింతగా మాట్లాడితే చాలు, "కీల్పాక్ కేసు" అనేస్తారు. హైదరాబాదులో ఉండే మా పెదనాన్న పిల్లలు అదే మాటకి "ఎర్రగడ్డ" అంటారు. ఊరు మారితే ఆసుపత్రి పేరు మారుతుంది గానీ ఎగతాళి మాత్రం ఒకటే.

నేనూ అన్నాను. పోయిన సంవత్సరం లెక్కల పీరియడ్‌లో నా పక్కన కూర్చునే అమ్మాయి ఒకే లెక్కని మూడుసార్లు తప్పు చేసింది. "నువ్వు కీల్పాక్ వెళ్ళాల్సిందే" అన్నాను. అందరూ నవ్వారు, తనూ నవ్వింది. సాయంత్రం బస్ స్టాప్‌లో మాత్రం మెల్లిగా చెప్పింది. "మా పెద్దమ్మ నాలుగేళ్ళుగా అక్కడే చూపించుకుంటోంది. నెలనెలా మందులు తెచ్చుకుంటుంది. ఆ మాట మా ఇంట్లో ఎవరం అనం." నాకు ఏం చెప్పాలో తెలియలేదు. బస్సు వచ్చింది, తను ఎక్కి వెళ్ళిపోయింది.

ఈ సంగతి తనని అడిగే రాస్తున్నాను. "రాసుకో, కానీ నా పేరు వద్దు" అంది. అందుకే పేరు రాయలేదు.

అదే వారంలో మా క్లాసు అబ్బాయిలు ఒక వీడియో చూపించారు. అమెరికాలో మూతపడ్డ ఒక మానసిక ఆసుపత్రి. పెచ్చులూడిన గోడలు, విరిగిన కిటికీలు, పొడుగాటి వరండా, వెనక భయపెట్టే సంగీతం. చరిత్ర చెప్పే మా టీచరమ్మ కూడా చూశారు. "దయ్యాల సంగతి తర్వాత చూద్దాం. అక్కడ బతికిన మనుషులెవరో ముందు కనుక్కోండి" అన్నారు. అలా వెతుకుతుంటే నాకు దొరికిందే విల్లార్డ్ కథ.

గొలుసుల నుంచి సరస్సు ఒడ్డుకి

విల్లార్డ్ అమెరికాలోని న్యూయార్క్ రాష్ట్రంలో ఉంది. మనం సినిమాల్లో చూసే న్యూయార్క్ నగరం కాదు, దానికి చాలా దూరంగా ఉండే పల్లెటూరి ప్రాంతం. చేతివేళ్ళలా పక్కపక్కనే పొడుగ్గా ఉండే సరస్సులు అక్కడ ఉన్నాయి. వాటిలో ఒకటైన సెనెకా సరస్సు తూర్పు ఒడ్డున, ఓవిడ్ అనే ఊరి దగ్గర ఈ ఆసుపత్రి వెలిసింది.

అంతకు ముందు ఏం జరిగేదో తెలిస్తేనే ఇది ఎందుకు వచ్చిందో అర్థమవుతుంది. న్యూయార్క్ రాష్ట్ర ప్రభుత్వం 1843లో యూటికా అనే చోట మానసిక రోగుల కోసం ఒక ఆసుపత్రి తెరిచింది. అది త్వరగా నయమయ్యేవాళ్ళ కోసం మాత్రమే. నయం కానివాళ్ళని వెనక్కి పంపేసేవారు. వాళ్ళలో దిక్కులేనివాళ్ళు తమ కౌంటీలోని, అంటే మన జిల్లా లాంటి దానిలోని, బీదల ఆశ్రమానికి చేరేవారు. అక్కడ వైద్యం లేదు. చాలాచోట్ల వెలుతురు కూడా లేని గదుల్లో, గడ్డి పరుపుల మీద, కొందరిని గొలుసులతో కట్టి ఉంచేవారు.

1864లో డాక్టర్ సిల్వెస్టర్ విల్లార్డ్ అనే ఆయన ఈ ఆశ్రమాలన్నిటి నుంచి వివరాలు తెప్పించి ప్రభుత్వానికి నివేదిక రాశారు. దీర్ఘకాలపు రోగుల కోసం ప్రత్యేకంగా ఒక ఆసుపత్రి కావాలని కోరారు. 1865లో దానికి చట్టం వచ్చింది. కానీ అదే ఏడాది ఆయన చనిపోయారు. ఆసుపత్రికి ఆయన పేరే పెట్టారు.

1869 అక్టోబరు 13న విల్లార్డ్ తలుపులు తెరిచారు. మొదటి రోగి మేరీ రోట్ అనే చిన్నపాటి మనిషి. శరీరం వంకర తిరిగిపోయి ఉంది. అప్పటికి పదేళ్ళుగా ఆమెని ఒక బీదల ఆశ్రమం గదిలో గొలుసుతో కట్టి ఉంచారు. ఆమెని స్టీమర్‌లో సరస్సు మీదుగా తీసుకొచ్చారు. అదే రోజు ఇంకో ముగ్గురు మగవాళ్ళు వచ్చారు. వాళ్ళలో ఒకరిని కోళ్ళ బుట్ట లాంటి పెట్టెలో పెట్టి తెచ్చారని ఆసుపత్రి చరిత్రలో రాసి ఉంది. అక్కడికి వచ్చాక గొలుసులు తీసేశారు, స్నానం చేయించారు, బట్టలిచ్చారు, అన్నం పెట్టారు.

ఇది చదివాక నేను కాసేపు ఆగిపోయాను. ఎందుకంటే వీడియోలో అది భయంకరమైన చోటు. మేరీ రోట్‌కి మాత్రం పదేళ్ళ తర్వాత దొరికిన మొదటి మంచం అదే అయి ఉండాలి. చెడ్డ ఉద్దేశంతో కట్టిన చోటు కాదది. దయతోనే మొదలైంది.

ఊరంత ఆసుపత్రి

దయ ఉంటే సరిపోదు, చోటు కూడా సరిపోవాలి కదా. కౌంటీలన్నీ తమ దగ్గరున్న రోగులని విల్లార్డ్‌కి పంపడం మొదలుపెట్టాయి. 1877 నాటికి అక్కడ 1,500 మందికి పైగా ఉన్నారు. అప్పటికి అమెరికాలో అంత పెద్ద మానసిక ఆసుపత్రి ఇంకొకటి లేదు. 1890లో కొత్త చట్టం వచ్చి, పేరు విల్లార్డ్ స్టేట్ హాస్పిటల్‌గా మారింది.

అది ఆసుపత్రి అనేకన్నా ఒక ఊరు అనడమే సరి. పొలాలున్నాయి, పశువుల కొట్టాలున్నాయి, కుట్టుపని గదులున్నాయి. రోగులే పంటలు పండించేవారు, బట్టలు కుట్టేవారు, బట్టలుతికేవారు. ఆసుపత్రికి సొంతంగా ఒక రైలు మార్గం కూడా ఉండేది. నాటకాలాడే హాలూ, బౌలింగ్ ఆటకి చెక్క బాటలూ ఉండేవి. ఇప్పటి ఫొటోల్లో ఆ హాలు కనిపిస్తుంది. వేదిక ఉంది, చూసేవాళ్ళే లేరు.

ఇంత మంది లోపలికి రావడానికి కారణం ఒకటే కాదు. నిజంగా తీవ్రమైన జబ్బుతో వచ్చినవాళ్ళు చాలామంది. కానీ అందరూ అలా రాలేదు. దుఃఖంతో కుంగిపోయినవాళ్ళు, మూర్ఛ ఉన్నవాళ్ళు, ఇంగ్లీషు సరిగ్గా రాని వలస కూలీలు, ముసలితనంలో చూసేవాళ్ళు లేనివాళ్ళు, పెళ్ళి పేచీల్లో చిక్కుకున్న ఆడవాళ్ళు కూడా ఆ కాలపు ఆసుపత్రులకి వచ్చేవాళ్ళు. రెండో ప్రపంచ యుద్ధంలో పనిచేసిన ఒక నల్లజాతి సైనికుడి సంగతి చదివాను. హోటల్లో తనకి విరిగిన పళ్ళెంలో వడ్డించారని కోపం పట్టలేక గొడవ చేశాడు. ఆ గొడవే ఆయన్ని ఆసుపత్రి దాకా తీసుకెళ్ళింది. తర్వాత దశాబ్దాల పాటు బయటికి రాలేదు.

లోపలికి వెళ్ళడం సులువు, రావడమే కష్టం. విల్లార్డ్‌లో మొత్తం మీద 50,000 మందికి పైగా ఉన్నారు. వాళ్ళలో దాదాపు సగం మంది అక్కడే చనిపోయారు.

పెట్టెలు

ఇక్కడి నుంచి కథ మారుతుంది.

1950ల్లో మానసిక జబ్బులకి పనిచేసే మందులు మొదటిసారి వచ్చాయి. క్లోర్‌ప్రోమజైన్ అనే మందు 1952లో ఫ్రాన్సులో వాడకంలోకి వచ్చింది, రెండేళ్ళకి అమెరికా చేరింది. 1955లో అమెరికా ప్రభుత్వ మానసిక ఆసుపత్రుల్లో 5,58,000 మందికి పైగా ఉన్నారు. ఆ తర్వాత ఆ లెక్క తగ్గుతూ వచ్చింది. రోగులు తమ ఊళ్ళోనే ఉండి వైద్యం చేయించుకోవాలని 1963లో అధ్యక్షుడు కెన్నెడీ ఒక చట్టం మీద సంతకం చేశారు. పెద్ద ఆసుపత్రులు ఒక్కొక్కటీ మూతపడ్డాయి. కానీ ఊళ్ళల్లో పెట్టాల్సినన్ని వైద్య కేంద్రాలు పెట్టలేదు. అందువల్ల చాలామంది వీధులపాలయ్యారు, కొందరు జైళ్ళకి చేరారు. తలుపులు తెరవడం ఒక ఎత్తు, బయట నిలబడడానికి చోటు చూపడం ఇంకో ఎత్తు.

1995లో విల్లార్డ్ వంతు వచ్చింది. మూసేసే ముందు అక్కడి ఉద్యోగులు ఏది ఉంచాలో ఏది పారేయాలో చూస్తూ ఒక భవనం అటక మీదికి వెళ్ళారు. అక్కడ చెక్క అరల్లో వరసగా పేర్చిన పెట్టెలు కనిపించాయి. తోలు సూట్‌కేసులు, ట్రంకుపెట్టెలు, చేతిసంచులు, అన్నీ కలిపి 400కు పైగా. పావురాల రెట్టలు, దుమ్ము.

అవి రోగులు మొదటిరోజు వెంట తెచ్చుకున్న పెట్టెలు. దాదాపు 1910 నుంచి 1960ల దాకా వచ్చినవాళ్ళవి. లోపలికి రాగానే పెట్టె తీసుకుని, పేరు రాసిన చీటీ కట్టి, అటక మీద పెట్టేవారు. ఇంటికి వెళ్ళేటప్పుడు తిరిగి ఇద్దామని. వాళ్ళు ఇంటికి వెళ్ళలేదు. పెట్టెలు అక్కడే ఉండిపోయాయి.

వాటిలో ఏమున్నాయో చూస్తే మనకీ వాళ్ళకీ తేడా కనిపించదు. ఫొటోలు, ఉత్తరాలు, అలారం గడియారం, దారపు ఉండలు, సూదులు, అత్తరు సీసాలు, ప్రార్థన పుస్తకాలు, సైనికుడి యూనిఫాం, పసిపిల్లల బట్టలు. పసిపిల్లల బట్టలు పెట్టెలో సర్దుకున్న మనిషి ఎన్నాళ్ళకి ఇంటికి వెళ్తాననుకుందో కదా.

ఆ పెట్టెలని చెత్తలో పడేయకుండా న్యూయార్క్ స్టేట్ మ్యూజియం వాళ్ళు ఆల్బనీ నగరానికి తీసుకెళ్ళి భద్రపరిచారు. డార్బీ పెన్నీ, పీటర్ స్టాస్ట్నీ అనే ఇద్దరు ఆ పెట్టెల్ని, ఆసుపత్రి రికార్డుల్ని పక్కపక్కన పెట్టి కొందరి జీవితాలని తిరిగి కూర్చారు. 2004లో మ్యూజియంలో ప్రదర్శన పెట్టారు, 2008లో పుస్తకం వచ్చింది. 2011 నుంచి జాన్ క్రిస్పిన్ అనే ఫొటోగ్రాఫర్ ఒక్కో పెట్టెనీ ఫొటోలు తీశారు.

రికార్డుల్లో ఏముంటుంది? జబ్బు పేరు, తేదీ, అల్లరి చేసింది, అన్నం తినలేదు. పెట్టెలో ఏముంటుంది? ఆ మనిషికి కుట్టుపని వచ్చు, పాటలంటే ఇష్టం, ఊళ్ళో అక్క ఉంది. ఒకటి రోగి గురించి చెప్తుంది, ఇంకొకటి మనిషి గురించి.

మా ఇంట్లో కూడా అటక మీద ఒక ట్రంకుపెట్టె ఉంది. మా అవ్వ పెళ్ళయి చిత్తూరు జిల్లా నుంచి మద్రాసు వచ్చేటప్పుడు తెచ్చుకున్నది. ఇది చదివాక నైనాని అడిగి దాన్ని దింపించాను. ఒక పాత చీర, రెండు ఫొటోలు, కుంకుమ భరిణె, తెలుగులో రాసిన ఉత్తరాలు. మా అవ్వ లేకపోయినా ఈ పెట్టె ఎవరిదని అడిగితే మా ఇంట్లో చిన్నపిల్లలు కూడా చెప్తారు. విల్లార్డ్ పెట్టెలకి అలా చెప్పేవాళ్ళు లేకుండా పోయారు.

అంకెల శ్మశానం

విల్లార్డ్‌లో నన్ను ఎక్కువ బాధపెట్టింది పాడుబడ్డ భవనాలు కాదు, పక్కనున్న శ్మశానం. అక్కడ 5,776 మంది రోగులని పూడ్చారు. సమాధుల మీద పేర్లు లేవు. చిన్న ఇనుప గుర్తులు, వాటి మీద అంకెలు. ఇప్పుడు గడ్డి పెరిగి వాటిలో చాలా మటుకు కనిపించవు కూడా. చూసేవాళ్ళకి అదొక పచ్చిక మైదానం.

ఆ గోతుల్లో 1,500కు పైగా తవ్వింది ఒక రోగే. ఆయన పేరు లారెన్స్ మోకా. ఇప్పటి ఉక్రెయిన్ ప్రాంతం నుంచి అమెరికా వచ్చి, న్యూయార్క్ నగరంలో కిటికీ అద్దాలు తుడిచే పని చేసేవాడు. 1918లో విల్లార్డ్‌కి వచ్చాడు. కొన్నేళ్ళ తర్వాత గోతులు తవ్వే పని ఆయనకి అప్పగించారు. శ్మశానంలోనే ఒక చిన్న గుడిసె వేసుకుని, ముసలితనం దాకా అదే పని చేశాడు. 1968లో 90 ఏళ్ళ వయసులో చనిపోయాడు. తను అంతమందిని పూడ్చిన చోటే ఆయన్నీ పూడ్చారు. ఆయన సమాధి మీదా పేరు లేదు.

ఆ ఊరివాళ్ళు కొందరు కలిసి సమాధుల మీద పేర్లు రాయాలని చాలా ఏళ్ళు అడిగారు. రోగుల వివరాలు గోప్యం, చట్టం ఒప్పుకోదు అని అధికారులు జవాబిచ్చారు. చివరికి ఒక్క లారెన్స్ మోకా విషయంలో, ఆయన బంధువులు ఒప్పుకోవడంతో, 2015లో ఆయన పేరుతో ఒక ఫలకం పెట్టారు.

ఇక్కడ నాకొక సందేహం వచ్చింది. నా స్నేహితురాలు కూడా పేరు వద్దంది కదా, మరి అధికారులు అన్నది తప్పెలా అవుతుంది? ఈ మాట టీచరమ్మని అడిగాను. ఆవిడ నన్నే ఎదురడిగారు, "పేరు వద్దన్నది ఎవరు?" అని. అప్పుడు అర్థమైంది. నా స్నేహితురాలు పేరు తనే దాచుకుంది, కావాలంటే రేపు తనే చెప్పుకుంటుంది. విల్లార్డ్‌లో పోయినవాళ్ళని ఎవరూ అడగలేదు. పేరు దాచుకోవడం వేరు, పేరు తీసేయడం వేరు. మొదటిది హక్కు, రెండోది అన్యాయం.

మరి మన దగ్గర?

అమెరికా సంగతి మనకెందుకు అనుకోవచ్చు. కానీ మన మద్రాసు ఆసుపత్రి విల్లార్డ్ కన్నా పాతది. ఈస్టిండియా కంపెనీలో వైద్యుడైన వాలంటైన్ కానలీ 1794లో ఇక్కడ మానసిక రోగుల కోసం ఒక ఇల్లు నడపడం మొదలుపెట్టారు. 1871లో అది కీల్పాక్‌కి మారింది. అప్పట్లో కోస్తా, రాయలసీమ జిల్లాలు మద్రాసు ప్రెసిడెన్సీలోనే ఉండేవి. కాబట్టి ఆ గోడల లోపల తమిళంతో పాటు తెలుగు కూడా వినిపించి ఉంటుంది. మనవాళ్ళ తాత ముత్తాతల కాలపు మనుషులూ అక్కడ ఉండే ఉంటారు. కీల్పాక్ ఆసుపత్రి పాడుబడలేదు, ఇప్పటికీ రోజూ రోగులని చూస్తోంది. నా స్నేహితురాలి పెద్దమ్మ పొద్దున వెళ్ళి మధ్యాహ్నానికి మందులతో ఇంటికి వచ్చి వంట చేస్తుంది. విల్లార్డ్‌లో అన్ని వేల మందికి దొరకనిది ఆ ఇంటికి తిరిగి రావడమే.

అయితే మనం మురిసిపోవడానికీ లేదు. మేరీ రోట్ గొలుసులు తీసింది 1869లో. మన తమిళనాడులోనే, రామనాథపురం జిల్లా ఏర్వాడిలో, 2001 ఆగస్టు 6న తెల్లవారుజామున ఒక ప్రైవేటు ఆశ్రమం పాకకి నిప్పంటుకుంది. అందులో మానసిక రోగులని గొలుసులతో కట్టి ఉంచారు. పారిపోలేక 28 మంది చనిపోయారు. అంటే 132 ఏళ్ళ తర్వాత కూడా గొలుసు పోలేదు.

ఆ ఘటన తర్వాత సుప్రీంకోర్టు తనంతట తానే కేసు చేపట్టింది. ఇప్పుడు మనకి 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ఉంది. 2018 మేలో అమలులోకి వచ్చింది. రోగిని ఏ రూపంలోనూ గొలుసుతో కట్టకూడదని అది చెప్తుంది. ఇంటివాళ్ళు తీసుకెళ్ళడం లేదన్న ఒక్క కారణంతో ఎవరినీ ఆసుపత్రిలో ఉంచేయకూడదనీ చెప్తుంది. ఈ రెండో మాట చదివినప్పుడు నాకు అటక మీది పెట్టెలే గుర్తొచ్చాయి. 2022లో ప్రభుత్వం టెలి మానస్ అనే ఫోన్ సేవ మొదలుపెట్టింది. మనసు బాగోలేనప్పుడు 14416కి ఎవరైనా ఫోన్ చేయొచ్చు, డబ్బులక్కర్లేదు. తెలుగులోనూ మాట్లాడతారు. మా క్లాసు నోటీసు బోర్డు మీద ఈ నంబరు రాసి పెట్టాం. పరీక్షల ముందు అది చూసుకున్నవాళ్ళు ఎవరో మేము అడగం.

విల్లార్డ్ మూతపడ్డాక ఆ స్థలంలో కొంత భాగాన్ని జైళ్ళ శాఖ తీసుకుని, మత్తుపదార్థాలకి అలవాటు పడ్డ ఖైదీల చికిత్స కేంద్రంగా వాడింది. 2022లో అదీ మూసేశారు. ఇప్పుడు సరస్సు ఒడ్డున చాలా భవనాలు ఖాళీగా ఉన్నాయి. వీడియోలు తీసేవాళ్ళు దయ్యాల కోసం వాటి చుట్టూ తిరుగుతారు. అక్కడ ఉన్నది దయ్యాలు కాదు, ఇంటికి వెళ్ళాలనుకున్న మనుషులు.

ఈ వ్యాసం రాశాక మొదట నా స్నేహితురాలికే ఇచ్చాను. పెన్సిల్ పట్టుకుని చదివింది. నేను తెలియకుండానే ఆరు చోట్ల "పిచ్చివాళ్ళు" అని రాశాను. ఆరూ కొట్టేసి, కొన్ని చోట్ల "రోగులు" అని, కొన్ని చోట్ల "మనుషులు" అని రాసింది. మీరు ఇప్పుడు చదివింది తను దిద్దిన ప్రతి. బస్ స్టాప్‌లో ఆ రోజు నేను చెప్పలేకపోయిన మాట ఇక్కడ చెప్తున్నాను. నన్ను క్షమించు. ఆ మాట నేను మళ్ళీ అనలేదు, అననివ్వను.